అన్న క్వార్టరు వైపు గాలి

మొన్న ఆదివారం మా కోడలు కొత్తగా తెరిచిన సూపర్ మార్కెట్టుకు పోయి ఒక సీసా తెచ్చి, చికెన్‌కు పట్టించి నిప్పుల మీద కాలిస్తే చాలా బాగుంటుందట అని నా చేతిలో పెట్టింది. సీసా మీద అనాసపండు బొమ్మ, కొబ్బరిచెట్టు బొమ్మ, పక్కన పాలినేషియన్ అని పెద్ద అక్షరాలు. మూత తీసి వాసన చూశాను. చక్కెర నీళ్ళ వాసన, డబ్బా వాసన తప్ప ఇంకేమీ లేదు. మొదట నవ్వొచ్చింది, ఆ తర్వాత కోపమొచ్చింది. ఈ గోదావరిఖనిలో ఆ మసాలాను అందరికంటే ముందు కలిపినవాణ్ణి నేను. కలిపింది పదిమంది కడుపు నింపుదామని కాదు, ఒక్క మనిషి కడుపు మండిద్దామని. ఆ మనిషి మా అన్న.

నా ఈడు వాళ్ళకు ఇది వివరించి చెప్పనక్కర్లేదు. రెండువేల సంవత్సరం దాటిన ఆ కొత్తలో బొగ్గుబాయి నౌకరీ అంటే ఇంట్లో లక్ష్మి కాలు పెట్టినట్టే, క్వార్టరు, దవాఖాన, పిల్లల చదువు, అన్నీ దాని వెంటే వచ్చేవి. మా బాపు నడుము పనికిరాకుండా పోయి ఇక బాయిలోకి దిగలేడని తేలినప్పుడు, ఆయన బదులు ఇంట్లో ఒక్కరికి ఆ నౌకరీ దక్కే వీలుండేది. అన్నకు అప్పటికే లారీ మీద పని ఉంది. నేను పదో తరగతి కాగానే చదువు మానేసి, అప్పటినుంచి కూలీనాలీ చేసుకుంటూ, బాపును భుజాన వేసుకుని దవాఖానల చుట్టూ తిరిగినవాణ్ణి. అది నీదేరా చిన్నోడా అని బాపు తన నోటితో నాకు చెప్పాడు, మమ్మల్ని కన్న అవ్వ కూడా విన్నది. పెండ్లి నాటి చొక్కా ఇస్త్రీ చేయించుకుని ఆఫీసు వరండాలో నిలబడితే, లోపలికి పోయి వచ్చిన బాపు నా ముఖం చూడకుండా తల వంచుకుని మెట్లు దిగాడు. పెద్దకొడుకు పేరు చెప్పి వచ్చాడు. వెనకాలే వచ్చిన అన్న మాత్రం తల దించుకోలేదు, "పెద్దోణ్ని నేనుండంగ నీకెట్ల వస్తదిరా?" అన్నాడు, రైల్లో కిటికీ పక్క సీటు గురించి మాట్లాడినట్టు.

అది కూడా మింగేవాణ్ణేమో. నౌకరీలో చేరిన సందర్భంగా అన్న దావత్ ఇచ్చాడు, రెండు మేకలు కోశారు. మా ఇంట్లో మాంసం వండే చెయ్యి నాదే కాబట్టి పొయ్యి దగ్గర నన్నే నిలబెట్టారు. నా నౌకరీ పోయిన దావత్‌కు నేనే వంటవాణ్ణి, ఇంతకంటే చోద్యం ఎక్కడన్నా ఉందా? అన్న తన కొత్త దోస్తులతో కూర్చుని బొక్క జుర్రుకుంటూ, అందరికీ వినబడేటట్టు, "మా తమ్ముని చెయ్యి మంచిదే. గీ వంటనే చేసుకొని బతుకుతడు తియ్యి, వానికేం ఫికర్?" అన్నాడు. అందరూ నవ్వారు. ఆ నవ్వు నేను ఇన్నేండ్లయినా మరిచిపోలేదు, మరిచిపోదామని ప్రయత్నించను కూడా లేదు.

ఆ తర్వాత మా దిక్కు నౌకరీ దొరకనివాళ్ళందరూ పోయే తోవనే నేనూ పట్టాను, గల్ఫ్‌కు పోయాను. సముద్రం ఒడ్డున ఒక హోటల్లో గిన్నెలు తోమే పని. అక్కడ నిప్పుల మీద మాంసం కాల్చే వంటవాడు పసిఫిక్ సముద్రంలో ఎక్కడో ఉన్న పాలినేషియా దీవుల మనిషి, పోతులా ఉండేవాడు, చేతుల నిండా పచ్చబొట్లు. అతని భాష నాకు రాదు, నా భాష అతనికి రాదు, అయినా నేను ఉల్లిపాయలు కోసే తీరు చూసి నన్ను గిన్నెల దగ్గర నుంచి నిప్పుల దగ్గరికి గుంజుకున్నాడు. అనాసపండు రసం, సోయా సాసు, అల్లం, వెల్లుల్లి, నల్ల చక్కెర, కొంచెం నువ్వుల నూనె, అంతే అతని మసాలా. అనాస రసాన్ని ముందు ఒక పొంగు రానిచ్చి చల్లార్చాలని, పచ్చిరసంలో ముక్కలు పూటంతా నానితే కండ కరిగి పిండిముద్ద అవుతుందని, అందులో తీపి ఉంది కాబట్టి పెద్ద మంట మీద పెడితే లోపల ఉడకకముందే పైన మాడుతుందని, అతను నోటితో చెప్పలేక ఒక్కొక్కటీ చెడగొట్టి చూపించాడు. నేను నేర్చుకున్నది పొట్టకూటికని అతను అనుకుని ఉంటాడు పాపం. అక్కడ ఆ తీపి, ఉప్పు కలిసిన పొగ ఒడ్డు పొడుగునా పోయి, తిని పడుకున్నవాళ్ళను కూడా లేపి తీసుకొస్తుంటే, నా కళ్ళ ముందు మా అన్న క్వార్టరే మెదిలేది.

తిరిగి వచ్చాక చేతిలో ఉన్నదంతా పెట్టి ఒక తోపుడు బండి కొన్నాను. చౌరస్తాలో పెట్టుకో, మంచి గిరాకీ ఉంటుందని అందరూ చెప్పారు. నేను మాత్రం అన్న ఉండే క్వార్టర్ల వరస ముందున్న మైదానంలో, అతను డ్యూటీ దిగి ఇంటికి నడిచే తోవలో పెట్టాను. సగానికి కోసిన ఇనుప డ్రమ్ము, దాని మీద జాలీ. నల్ల చక్కెర మాకెక్కడిది, బెల్లం దంచి వేశాను. సోయా సాసు నూడుల్స్ బండ్లవాళ్ళ దగ్గర దొరికేది. మన నాలుకలకు చాలదని కాస్త ఎండుమిర్చి నూరి కలిపాను. ఇంత తెలిసినవాణ్ణి, మొదటి రోజే ఈ ఊరివాళ్ళు తప్ప ఇంకెవరూ చేయని పొరపాటు చేశాను. మా ఇళ్ళలో అందరం బాయి బొగ్గుతోనే వండుకునేవాళ్ళం, కుంపటి వాకిట్లో పెట్టి పొగ పోయాక ఇంట్లోకి తెచ్చుకునేవాళ్ళం, ఆ అలవాటు కొద్దీ పొగ పోయింది కదా అని ఆ బొగ్గు మీదే ముక్కలు కాల్చాను. గిన్నెలో కూరకు చెల్లింది గానీ నేరుగా నిప్పు తగిలే ముక్కకు చెల్లలేదు. మొదటి గిరాకీ ఒక్క ముక్క కొరికి ఊసేసి, "గిదేందే, తారు రోడ్డు నాకినట్టున్నది" అని పోయాడు. ఆ మర్నాడు మంథని దిక్కు నుంచి కట్టెబొగ్గు బస్తాలు తెప్పించుకున్నాను. బొగ్గు మీద నిలబడ్డ ఊళ్ళో బొగ్గు కొనుక్కున్నవాణ్ణి నేనొక్కణ్ణే అయి ఉంటాను.

ఆ తర్వాత బండి అందుకుంది. చికెన్ తియ్యగుండుడేందని వెక్కిరించినవాళ్ళే షిఫ్టు దిగి నల్లటి ముఖాలు కడుక్కోకుండా వచ్చి నిలబడేవాళ్ళు. నాకు గిరాకీ మీద కంటే గాలి మీద ఎక్కువ ధ్యాస ఉండేది. ఎండాకాలం పడమటి గాలి కాబట్టి మైదానం పడమటి మూలన, చలికాలం గాలి మళ్ళితే తూర్పు మూలన, పొగ సరిగ్గా అన్న కిటికీల్లోకి పోయేటట్టు బండి జరుపుకునేవాణ్ణి. నీడ కోసం జరుపుతున్నానని జనం అనుకునేవాళ్ళు. మా ఇంటామెకు మాత్రం సంగతి తెలుసు, "గీ పగకు ఇంకెంత బొగ్గు కాలుస్తవయ్యా?" అని అడిగేది. మొత్తం షిఫ్టుకు పెడతాను గానీ అన్నకు ఒక్క ముక్క కూడా పెట్టనని ఆమె ముందే ఒట్టు వేసుకున్నాను. అడగనీ, అడిగితే ఆ దావత్ నాటి మాటను అందరి ముందు తిరిగి అప్పజెబుదామని ఆ మాటలు నోట్లో సిద్ధంగా పెట్టుకుని కూర్చునేవాణ్ణి.

అన్న అడగలేదు. ఏండ్లు గడిచాయి, రోజూ డ్యూటీ దిగి టిఫిన్ డబ్బా ఊపుకుంటూ నా బండి ముందు నుంచే పోయేవాడు, ఒక్కసారి కూడా తల తిప్పేవాడు కాదు. ఎంత పొగరు వీనికి, పొట్టలో పేగులు అరుస్తున్నా ఎంత బిగబట్టుకుంటున్నాడు అని నాలో నేనే మెచ్చుకునేవాణ్ణి, మరునాడు వెల్లుల్లి ఇంకో గుప్పెడు ఎక్కువ వేసేవాణ్ణి. సాయంత్రం కాగానే వదినె కిటికీలు దబదబ మూసేది. ఆ చప్పుడు వింటే నాకు పండగే. ఓర్చుకోలేక మూసుకుంటున్నారని గల్లా దగ్గర కూర్చుని మీసం దువ్వుకున్న రోజులున్నాయి.

తర్వాత మన రాష్ట్రం కోసం బాయిలన్నీ బందయిన సమ్మె వచ్చింది. డ్యూటీలు లేవు, జీతాలు లేవు, జనమంతా మెయిన్ రోడ్డు మీదికి వచ్చి అక్కడే పొయ్యిలు పెట్టి వండుకుని అక్కడే తిన్నారు. ఆ వంటావార్పుకు ఎవరికి చేతనైనది వాళ్ళు తెచ్చారు. నేను నా డ్రమ్ము ఎత్తుకుపోయాను. తారు రోడ్డు మీద బంతులు సాగాయి, నేను బకెట్ పట్టుకుని వడ్డిస్తూ పోతుంటే, ఇంకో నాలుగు విస్తళ్ళ అవతల అన్న కూర్చుని ఉన్నాడు, పక్కన వదినె. బంతిలో కూర్చున్న మనిషి విస్తరి దాటేసి పోవడం మా దిక్కు ఎంత అవమానమో మీకు తెలుసు, దానికంటే చెంప మీద కొట్టడం మేలు. వేలమంది చూస్తుండగా ఆ అవకాశం నా కాళ్ళ దగ్గరికి నడిచొచ్చింది. దాటేద్దామనే అడుగు వేశాను. అంతలో ఇంకో బుద్ధి పుట్టింది. దాటేస్తే ఏమొస్తుంది, తిననీ, ఇన్నేండ్లు ఏది పోగొట్టుకున్నాడో ఒక్క ముక్కతో తెలుసుకోనీ, ఇక జన్మంతా నాలుక కొరుక్కుంటాడు అనుకున్నాను. బకెట్‌లో ఉన్న వాటిలో పెద్ద ముక్క ఏరి విస్తట్లో వేసి, ముందుకు పోకుండా అక్కడే నిలబడ్డాను.

అన్న నిదానంగా నమిలాడు. "మెత్తగున్నదిరా" అన్నాడు. నేను ఇంకా నిలబడ్డాను. అతను తలెత్తి, "తియ్యగున్నది, ఉప్పగున్నది, జర కారమున్నది. నాకు గంతే తెలుస్తది" అన్నాడు.

అర్థం కాక నేను చూస్తుంటే వదినె అందుకుంది. "ఆయనకు ముక్కు పోయి ఎన్నేండ్లాయె మరిదీ. నువ్వు గల్ఫ్‌ల ఉన్నప్పుడే పోయింది. ఆపరేషన్ చేసినా రాలే. పొయ్యి మీద పాలు మాడినా తెల్వది, సబ్బు వాసన తెల్వది" అంది. బాయి ధూళికో, మందు పేల్చిన పొగకో, ఒంటి తత్వానికో పోయిందట. మరి కిటికీలెందుకు మూసేవాళ్ళని ఎట్లా అడిగానో నాకు గుర్తులేదు గానీ అడిగాను. "రోజు పొగ కండ్లల్ల కొట్టేదిరా. ఏందో కాలుస్తున్నవ్ గదా అని ఊకున్నం" అన్నాడు అన్న, ఇంకో ముక్క కోసం విస్తరి జరుపుతూ.

వెల్లుల్లి గుప్పెళ్ళు, బెల్లం దిమ్మెలు, ఎండాకాలానికో మూల, చలికాలానికో మూల జరిపిన ఆ బండి, అదంతా ముక్కు లేని మనిషి మీదికి పంపించాను. నౌకరీ తీసుకున్నది చాలక నా పగను కూడా ఊరికే తీసుకుపోయాడని ఆ రోజు రోడ్డు మీద నిలబడి మా అన్నను ఎప్పుడూ తిట్టనంత తిట్టుకున్నాను. మంచే జరిగింది, ఆ నౌకరీ నీకొచ్చి ఉంటే నీ ముక్కే పోయేది, ఈ వంట నీకు అబ్బకపోయేది అని నాకు హితవు చెప్పినవాళ్ళున్నారు. పోతే పోయేది. క్వార్టరూ జీతమూ ఉన్న ముక్కులేనివాణ్ణి అయ్యేవాణ్ణి, ఎవరికి నష్టం?

రాష్ట్రం వచ్చింది. ఆ క్వార్టర్ల వరస పాతబడి కూల్చేశారు, మైదానం నిండా తుమ్మలు మొలిచాయి, నా బండి చక్రాలు తుప్పు పట్టి ఎవరికో పాత సామానులో పోయాయి. చౌరస్తాలో ఇప్పుడు కాల్చిన కోడి అమ్మే అద్దాల దుకాణాలు వరసగా ఉన్నాయి, పొగ బయటికి రాకుండా గొట్టాలు పెట్టుకున్నారు. లోపల ఏం కాలుతున్నదో పక్కవాడికి కూడా తెలియదు, ఎవరి మీద ఎవరికి ఏముందో అసలే తెలియదు. ఆ రోజుల్లో పగ పెట్టుకోవాలన్నా మనిషి ఇంటి ముందే పెట్టుకునేవాళ్ళం, దినాం ముఖాలు చూసుకుంటూ పెట్టుకునేవాళ్ళం. ఇప్పుడు కోపమొస్తే ఫోన్ నంబరు తీసేస్తున్నారు.

రిటైరయ్యాక అన్న రామగుండంలో చిన్న ఇల్లు కట్టుకుని, అప్పుడప్పుడు ఆటోలో మా ఇంటికి వస్తుంటాడు. కోడలు సీసా తెచ్చిన ఆ ఆదివారమే వచ్చాడు. చికెన్ ఇంకా నీళ్ళలో కడిగి పెట్టి ఉంది, మసాలా ఏదీ కలపలేదు, పొయ్యి ముట్టించలేదు. గడప దగ్గర చెప్పులు విడిచి, తల పైకెత్తి, గట్టిగా గాలి పీల్చి, "మంచి వాసనొస్తున్నదిరా తమ్మీ, గల్లీ మొగదాకొచ్చింది" అన్నాడు.

కోడలు ఏదో అనబోతే మా ఇంటామె కళ్ళతోనే ఆపింది. తప్పయిందని అన్న నాకు ఇంతవరకు చెప్పలేదు, ఇక ముందు చెప్తాడన్న ఆశ కూడా నాకు లేదు. నేను మన్నించానని కూడా ఎవరూ అనుకోవద్దు. సీసా పక్కన పెట్టి, బజారుకు పోయి అనాసపండు తెచ్చి, రసం తీసి, పొంగు రానిచ్చి, అన్నీ పద్ధతి ప్రకారం కలిపి ముక్కలు నానేశాను. పొద్దు వంగాక, బండి పోయినా పారేయకుండా దాచుకున్న డ్రమ్మును వాకిట్లోకి గుంజి కట్టెబొగ్గు ముట్టించి, అలవాటు కొద్దీ గాలి ఎటు వీస్తున్నదో చూశాను. సరిగ్గా అన్న కూర్చున్న దిక్కే వీస్తున్నది. కుర్చీ కాస్త ఇవతలికి జరుపుకో, పొగ కళ్ళల్లో పడుతుందని చెప్పాను.