దొరసానికి పెట్టిన బాట పంచాయతి

మా గొర్ల బాట పంచాయతిని ఇంగ్లండు సర్కారు దాక తీస్కపోయి నన్ను నేనే ఆగం చేసుకున్న ముచ్చట ఇది. నవ్వుతే నవ్వుర్రి, నాకేం ఫికర్ లేదు.

తెలంగాణ వచ్చిన కొత్తల. మర్రిగూడ దిక్కు మాది. నా పెనిమిటి పోయి ఏడాది. కుంటకు పోయే బాటకు మా మరిది మల్లయ్య అడ్డం కంప ఏసిండు. గొర్లు నీళ్లకు గుట్ట సుట్టు తిరిగి పోవాలె. సర్పంచి నడుమ వడి, "అక్కా, పొద్దటిపూట ఇడుస్తడు, ఒప్పుకో" అన్నడు.

"రెండు పూటలైతేనే!" అన్న.

గప్పుడే మా ఫ్లోరైడు నీళ్లు సూడనీకి ఇంగ్లండు దొరసాని వచ్చింది. ఆళ్ల సర్కారుల దేశదేశాల సంగతులు సూసే కొలువంట. మా పాత పటేలుకు పటేల్గిరీ పోయి ఎన్నేండ్లాయె, ఇప్పటికీ ఆయన దగ్గుతే ఊరు లేస్తది. మనల నేలినోళ్ల మాట గూడ గట్లనే నడుస్తదనుకున్న. నా బుర్రల బోరు ఏస్తే దుమ్మే గని సుక్క రాదు.

మా కురుమోళ్లల్ల తీర్పు చెప్పే పెద్దమనిషికి గొంగడి పరుస్తం. నా పెనిమిటి కొత్త గొంగడి దొరసాని ముంగట పరిచి, బాట సంగతంత చెప్పిన. ఆమె ఎంట వచ్చిన పట్నం సారు నా మాటలు ఆమెకు ఇంగ్లీషుల చెప్పిండు.

"ఏమంటాంది సారూ?"

"నీ బాధ ఇని ఆమెకు మస్తు రందిగున్నదంట."

"అయితే కంప తీపిస్తదా?"

"ఇది మీ లోపటి సంగతి, ఆళ్లు నడుమ రారంట. ఇద్దరు ఓపిక పట్టాలంట."

"పడుతున్నయి గద మా గొర్లు!"

"మీ ఇద్దరూ ఆమెకు దోస్తులేనంట."

దొరసాని నాకు చెయ్యి కలిపి, తమాష సూడవచ్చిన మల్లయ్యకు గూడ కలిపింది. ఆడు ముప్పైరెండు పండ్లు బయటవెట్టి ఫోటో దిగిండు. ఆఖరికి దొరసాని గొంగడిని నేనిచ్చిన బహుమానమనుకున్నది. మడిచి, ఎదకు అదుముకొని, దండం వెట్టి జీపెక్కింది.

సర్పంచి, "ఇగ నాతోని గాదు, నువ్వు ఇంగ్లండుకే పో" అని దులుపుకొని పోయిండు. ఇస్తనన్న ఒక్కపూట గూడ పాయె.

తెల్లారి గొర్లను గుట్ట దిక్కు మళ్లిస్తుంటే, కంప కాడ మల్లయ్య కడుపు పట్టుకొని నవ్వుతాండు.

"వదినే! ఏలినప్పుడు తీస్కపోయిర్రంటే సరే. ఇప్పుడు సూడవచ్చి గూడ తీస్కపాయిరి గదనే!"

నవ్వి నవ్వి, కండ్లు తుడుసుకొని, ఆడే కంప పక్కకు గుంజిండు.

"పో, రెండు పూటలా పో. అన్న గొంగడి ఎట్లనో పాయె, బాటన్న ఉండనీ."

గా దినమే గొర్ల మంద సాచ్చిగ ఒట్టు వెట్టుకున్న: ఇంటి పంచాయతి ఊరు దాటియ్య. ఒకయాల దాటిస్తే, తీర్పు చెప్పెటోళ్లను ఉత్త నేల మీదనే కూసవెడ్త.