చదివించాకే సంతకం

పోయిన మంగళవారం పొద్దున్న పదకొండు దాటాక, రైటర్ గారు పోయారని గేటు నుంచి ఫోను వచ్చింది. నేనప్పుడు నలభై అడుగుల ఎత్తున పరంజా మీద ఉన్నాను. దిగి, ఎండలో గేటు దాకా పరుగెత్తాను. కేబిన్‌లో ఆయన కుర్చీలోనే ఉన్నారు. కళ్లజోడు ముక్కు మీదకి జారింది. ముందు బల్ల మీద లారీల రిజిస్టరు తెరిచి ఉంది. పెన్ను కింద పడింది. టోపీ మేకుకి వేలాడుతోంది. నేను చూసింది ఇదీ. ఇంత వివరంగా ఎందుకు చెబుతున్నానో ముందు ముందు మీకే తెలుస్తుంది.

నాది శ్రీకాకుళం జిల్లా. బహ్రెయిన్‌లో హిద్ అనే ఊళ్ళో, ఓడలు బాగుచేసే యార్డులో పని. ఓడ పక్కన ఇనప గొట్టాలతో పరంజా కట్టి, మనుషులు నిలబడడానికి పైన పలకలు పరుస్తాను. రైటర్ గారు మా యార్డు గేటు గార్డు, మా జిల్లా మనిషే. ఊళ్ళో ఉన్నప్పుడు ఒక పోలీస్ స్టేషన్‌లో రైటరుగా, అంటే ఫిర్యాదులూ పంచనామాలూ రాసే హెడ్ కానిస్టేబులుగా చేశారు. ఆ పిలుపే సముద్రం దాటి ఆయన వెంట వచ్చింది. అసలు పేరు పెట్టి ఎవరైనా పిలవగా నేను వినలేదు.

సర్కారు ఉద్యోగం వదులుకుని గల్ఫ్‌కొచ్చి గేటు కాసే మనిషిని మేమెవరం అంతకుముందు చూడలేదు. ఉద్యోగం లేక వచ్చినవాళ్ళం కదా, మాకది మింగుడుపడేది కాదు. "ఏటి రైటర్ గారూ, లంచం తింటే పట్టేసినారా?" అని ఏడిపించేవాళ్ళం. "లంచం తినుంటే ఈపాటికి ఎస్సై అయిపోదును" అని నవ్వేసేవారు. అంతకు మించి ఒక్క ముక్క రాలేది కాదు.

ఆయనతో కబుర్లు చెప్పుకోవడం ఒక శిక్ష. బస్సు డ్రైవరు కావాలనే నన్ను వదిలేసి పోయాడని ఒకసారి ఆయన దగ్గర గోల పెట్టాను. ఫ్లాస్కు మూతలో టీ పోసి నా చేతికిచ్చి, "కావాలనే అన్న సంగతి నీకెలా తెలిసినాది? ఆడి బుర్రలోకి ఎల్లి సూసొచ్చినావా?" అన్నారు. "నువ్వు సూసింది సెప్పు. అనుకున్నది తర్వాత." సరే, నేను వచ్చేసరికి బస్సు కదిలిందని చెప్పాను. "ఎన్ని గంటలకొచ్చినావు?" అన్నారు. ఐదు నిమిషాలు ఆలస్యంగా వచ్చానని ఒప్పుకోక తప్పలేదు. ఇంకెప్పుడూ ఈయనతో మాట్లాడకూడదనుకుంటూనే రెండో కప్పు కూడా తాగాను.

కాగితం కనబడితే ఇంకా చాదస్తం. మేం సంతకం అడిగిన చోటల్లా పెట్టే జాతి. వీసా కాగితం, క్యాంపు గది కాగితం, ఫోను సిమ్ కాగితం, ఏది ముందు పెట్టినా సంతకం చేసి పెన్ను తిరిగిచ్చేస్తాం. అరబ్బీలో ఉందా ఇంగ్లీషులో ఉందా అని కూడా చూడం. రైటర్ గారు మాత్రం గేటు దగ్గర ఆపి మరీ అడిగేవారు, "సదివించినావా?" అని. లేదంటే లాక్కుని, వేలితో కుడి నుంచి ఎడమకి గీత గీసుకుంటూ చదివి చెప్పేవారు. అరబ్బీ రాత ఆయన యాభై ఏళ్ళు దాటాక నేర్చుకున్నారు. శుక్రవారం సెలవు రోజున పక్కనున్న గలాలీ ఊరు వెళ్ళి, ఒక ముసలి బడిపంతులు ముందు చిన్నపిల్లల వాచకం పట్టుకుని కూచునేవారు. గేటు కాసేవాడికి ఈ చదువెందుకని మేం చాటుగా నవ్వుకున్నాం. ఆ నవ్వు తలచుకుంటే ఇప్పుడు సిగ్గేస్తుంది.

మా యార్డులో బంగ్లాదేశ్ నుంచి వచ్చిన వెల్డరు ఒకడుండేవాడు. మేమంతా భాయ్ అనేవాళ్ళం. వాళ్ళ దేశంలో పాత సర్కారు పడిపోయిన రోజుల్లో ఒక సాయంత్రం స్వీట్ల డబ్బా పట్టుకుని గేటు దగ్గరికి వచ్చాడు. వాళ్ళ అన్నని ఊరేగింపుకి వెళ్ళాడని పట్టుకుని, తాను చెప్పని మాటలు చెప్పినట్టు రాసి, జైల్లో పెట్టారట. ఇప్పుడు విడిచిపెట్టారు. భాయ్ ఒళ్ళంతా నవ్వే. రైటర్ గారు స్వీటు తీసుకుని నోట్లో వేసుకోకుండా హిందీలో అడిగారు, "మరి ఆ కాగితం రాసినవాడు ఎక్కడున్నాడు?"

భాయ్, "అదే థానాలో, ఆ పోలీస్ స్టేషన్‌లోనే ఉన్నాడు. కొత్త సర్కారుకీ వాడే రాస్తాడు" అని పకపకా నవ్వాడు.

రైటర్ గారు నవ్వలేదు. "సర్కారు మారితే పైనోడు పోతాడు నాయినా. రాసేవోడు మారాల. ఇనిపించకుండా ఏలిముద్ర తీసుకునే అలవాటు పోవాల" అని నాతో తెలుగులో అన్నారు. ఆనందంగా వచ్చినవాడి ముందు ఈ ముసలాయన గొడవేమిటని నాకు విసుగేసింది.

ఆ తర్వాత కొన్ని నెలలకి భాయ్ పరంజా మీద నుంచి పడ్డాడు. జరిగింది ఇది. పై వరసలో రెండు పలకలు తీసి అవతలి వైపు వేయమని సూపర్‌వైజరు నాకు చెప్పాడు. భాయ్ పైన ఉన్నాడు కదా సార్ అన్నాను. "వాడు దిగిపోయాడు, నేను చూశాను, యల్లా, త్వరగా కానీ" అన్నాడు. నేను తీశాను. భాయ్ దిగలేదు. ఓడ మలుపు అవతల కేబులు సర్దుకుంటున్నాడు. వెనక్కి వచ్చి, ఎప్పుడూ కాలు వేసే చోటే కాలు వేశాడు. వాడి హెల్మెట్ గొట్టాలకి కొట్టుకుంటూ కిందికి వెళ్ళిన చప్పుడు ఇప్పటికీ నా చెవుల్లో ఉంది.

భాయ్ తెలివి లేకుండా ఆసుపత్రిలో పడి ఉండగా, రెండో రోజు మధ్యాహ్నం నన్ను పోలీస్ స్టేషన్‌కి పిలిచారు. సూపర్‌వైజరు తన కారులోనే తీసుకెళ్ళాడు. దారిలో ఒక అరబ్బీ కాగితం నా ఒళ్ళో పెట్టాడు. "ఏం లేదు, ప్రమాదం జరిగిందని రాశాం. నీ మాటగా ఇచ్చేద్దాం. సంతకం పెట్టు, ఖలాస్. వారంలో ఇంటికి పంపించేస్తారు" అన్నాడు. ఇల్లు అన్న మాట ఒక్కటే నా చెవిన పడింది. స్టేషన్‌లో బల్ల మీద కాగితం పెట్టి పెన్ను అందుకున్నాను. మొదటి అక్షరం రాశాను కూడా.

"సదివించినావా?"

తిరిగి చూస్తే గుమ్మంలో రైటర్ గారు, గార్డు యూనిఫాంలో, చెమటతో తడిసిపోయి ఉన్నారు. కారు గేటు దాటుతుంటే నన్ను చూసి వెనకే వచ్చారట. డ్యూటీలో ఉండగా ఆయన గేటు వదిలి రావడం ఎవరూ ఎరగరు. సూపర్‌వైజరు లేచి, "ఎవరు రమ్మన్నారు నిన్ను? నీ ఉద్యోగం పోతుంది" అని అరిచాడు. ఆయన వాడి వైపు చూడలేదు. ఆఫీసరు ముందుకెళ్ళి, గుండె మీద చెయ్యి వేసుకుని సలాం చెప్పి, ఈ మనిషికి అరబ్బీ రాదు, ఇతని భాషలో చదివి వినిపించాలని అరబ్బీలో అడిగారు. ఆఫీసరు కుర్రవాడే. నన్ను చూశాడు, సగం పడిన సంతకాన్ని చూశాడు. పెన్ను నా చేతిలోంచి మెల్లగా తీసుకుని పక్కన పెట్టాడు. అడిగితే ఆ హక్కు నాకు ఉందట. నాకు తెలిస్తే కదా అడగడానికి.

తెలుగు తెలిసిన దుబాసీ దొరకలేదు. హిందీ దుబాసీ రావడానికి మూడు గంటలు పట్టింది. ఆ మూడు గంటలూ సూపర్‌వైజరు బయటికీ లోపలికీ తిరుగుతూ ఫోన్లు మాట్లాడుతూనే ఉన్నాడు. రైటర్ గారు నా పక్కన కదలకుండా కూచున్నారు. చివరికి దుబాసీ ఎదుట, ఆఫీసరు అనుమతితో, రైటర్ గారు కాగితాన్ని తెలుగులో చదివారు. ఏడో లైను దగ్గర ఆగి, మళ్ళీ చదివారు. సూపర్‌వైజరు వద్దని చెప్పినా వినకుండా, నా అంతట నేనే పలకలు తీశానని ఉంది.

"అబద్ధం!" అని అరిచాను.

"అరవకు. ముందు ఏటయ్యిందో సెప్పు."

వరసగా చెప్పాను. దాన్ని రైటర్ గారు హిందీలో చెప్పగా దుబాసీ రాసుకున్నాడు. పలకలు తీశానన్న దగ్గర రైటర్ గారు నన్ను ఆపారు. "తీసే ముందు తలెత్తి సూసినావా?"

చూడలేదు. అది ఎవరూ అడగలేదు, నేను చెప్పక్కర్లేదు. ఈ ముసలాయన నన్ను కాపాడడానికి వచ్చాడా, ముంచడానికి వచ్చాడా అనిపించింది.

"సూళ్ళేదు" అన్నాను.

"అదీ సెప్పు. నీకు పనికొచ్చేది ఒక్కటే సెప్తే ఇదీ అలాటి కాగితమే అయితాది."

చెప్పాను. ఏడుస్తూ చెప్పాను. కొత్త కాగితం మొదటి నుంచి చివరి దాకా వినిపించాకే సంతకం చేయనిచ్చారు. వారం తర్వాత భాయ్‌కి తెలివి వచ్చి, దిగమని తనకెవరూ చెప్పలేదన్నాడు. సూపర్‌వైజరు మీద కేసు పెద్దదైంది. చూడకుండా తీసినందుకు నాకూ శిక్ష పడింది. కానీ జడ్జి గారు జైలుకి బదులు పని శిక్ష వేశారు. మూడు నెలలు శుక్రవారాలు సముద్రపు ఒడ్డు ఊడ్చాను. ప్రతి శుక్రవారం ఫ్లాస్కు పట్టుకుని రైటర్ గారు వచ్చి గట్టు మీద కూచునేవారు. భాయ్ కుంటుకుంటూనే అయినా తన కాళ్ళ మీద ఇంటికి వెళ్ళాడు.

స్టేషన్ నుంచి వచ్చిన ఆ సాయంత్రం టీ కొట్టు దగ్గర, మొదటి నుంచి మేం అడుగుతున్నదానికి ఆయన జవాబు చెప్పారు. గోడౌన్ దొంగతనం కేసులో ఒక కల్లుగీసే మనిషిని తెచ్చారట. స్టేషన్‌లో ఒప్పుకున్న మాట కోర్టులో చెల్లదు. అందుకని పంచనామా రాస్తారు, నిందితుడే వెంట తీసుకెళ్ళి దాచిన వస్తువు చూపించాడని. "తాళం బద్దలుకొట్టిన గునపం పెరట్లోంచి తీసి ఇచ్చినాడని రాసినాను. ఆ గునపం మా స్టేషన్ దొడ్లోదే. నా సేతిరాత బాగుంటాదని ఎస్సై గారు నాకే ఇచ్చేవోరు. ఆడికి సదువు లేదు. ఏలిముద్ర ఎయ్యమన్నాను, ఏసినాడు. కోర్టులో సదువుతా ఉంటే, అప్పుడు మొదటిసారి ఇన్నాడు. ఇని, నా వైపు సూసినాడు."

"మీరు లేచి చెప్పలేదా?" అన్నాను.

"సెప్పలేదు. ఆడు నాలుగేళ్ళు జైల్లో ఉన్నాడు. నాను ఇంకో రెండేళ్ళు ఆ కుర్సీలోనే కూసుని రాసినాను. తర్వాత సెయ్యి ఆడలేదు. ఒగ్గేసినాను."

నేను టీ వదిలేసి లేచి వచ్చేశాను. నన్ను కాపాడిన చెయ్యీ ఇంకొకణ్ణి జైలుకి పంపిన చెయ్యీ ఒకటే అంటే తట్టుకోలేకపోయాను. వారం రోజులు ఆయనతో మాట్లాడలేదు, గేటు దగ్గర తల దించుకుని పోయేవాణ్ణి. ఆయన పిలవలేదు. ఎనిమిదో రోజు నేనే వెళ్ళి ఫ్లాస్కు మూత అందుకున్నాను. ఆయన చేసింది తప్పే. దాన్ని ఆయన ఎప్పుడూ చిన్నది చేసి చెప్పలేదు. ఆయనంటే నాకు ప్రేమ. ఈ రెండూ నాలో పక్కపక్కనే ఉన్నాయి, ఈరోజుకీ.

ఇప్పుడు మొదటికొస్తాను. ఆయన పోయిన మర్నాడు మా కంపెనీ ఆఫీసులో నన్ను పిలిచారు. శవాన్ని ఊరికి పంపాలంటే చూసిన మనిషిగా, ఒకే జిల్లా వాడిగా నా సంతకం కావాలట. అరబ్బీ కాగితం, పెన్ను, వెనక నా తర్వాతి పనివాళ్ళ వరస. చదివి వినిపించండి అన్నాను. క్లర్కు చిరాకుపడ్డాడు. "చచ్చిపోయినవాడి కాగితంలో ఏముంటుంది? త్వరగా కానీ" అన్నాడు. నేను కదల్లేదు. చివరికి హిందీలో చదివాడు. డ్యూటీ ముగిశాక, క్యాంపు గదిలో, నిద్రలో చనిపోయినట్టు ఉంది. అలా రాస్తే కంపెనీ ఇంటివాళ్ళకి పరిహారం ఇవ్వక్కర్లేదు.

"ఆయన కేబిన్‌లో పోయారు. డ్యూటీలో. నేను చూశాను" అన్నాను.

నా వీసా కొత్తది చేయాల్సిన నెల ఇది. క్లర్కు ఆ సంగతి మెల్లగా గుర్తు చేశాడు. సంతకం లేకపోతే శవం ఇక్కడే ఆగుతుంది, ఆ పాపం నీదే అని కూడా అన్నాడు. బయటికొచ్చి టెక్కలిలో ఉన్న రైటర్ గారి అమ్మాయికి ఫోను చేశాను. అంతా చెప్పాను. ఆ అమ్మాయి అంది, "మేం ఆగుతాం అన్నయ్యా. నాన్నని అబద్ధం కాగితం మీద పంపకండి."

నాలుగు రోజులు ఆగాం. రోజూ ఆఫీసుకెళ్ళి అదే మాట చెప్పాను, చూసింది ముందు, చూసిన వరసలో. గేటు రిజిస్టరు తెప్పించమన్నాను. తెప్పించారు. ఐదో రోజు కాగితం మారింది. కేబిన్‌లో, డ్యూటీ వేళలో అని చదివి వినిపించారు. మళ్ళీ చదవమన్నాను. చదివాక సంతకం చేశాను. ఆ రాత్రి విమానంలో ఆయన వెళ్ళిపోయారు. నా వీసా సంగతి ఇంకా తేలలేదు.

నిన్న గేటు దాటుతూ కేబిన్‌లోకి చూశాను. కొత్త గార్డు అదే రిజిస్టరులో, కొత్త పేజీలో రాస్తున్నాడు. అడిగి పాత పేజీ తిప్పి చూశాను. చివరి లైను పదకొండూ పదికి మొదలైంది. లారీ నంబరులో నాలుగు అంకెలు, ఆ ముచ్చటైన చేతిరాతలో నిక్కచ్చిగా ఉన్నాయి. ఐదో అంకె దగ్గర పెన్ను కిందికి జారిన గీత ఉంది. ఆ లైను చివర గార్డు సంతకం గడి ఖాళీగా ఉంది.