నాయనమ్మ అడగడం మానేసిన ప్రశ్న

పోయిన ఆదివారం పొద్దున కాఫీ తాగి, గ్లాసు పక్కన పెట్టి, మా నాయనమ్మ వెళ్ళిపోయింది. దుఃఖం సరే, కబురు వినగానే నన్ను ఒక సందేహం పట్టుకుంది. బాబాయి చనిపోయిన సంగతి ఆవిడకు తెలిసే పోయిందా, తెలియకుండానే పోయిందా?

చిలకలూరిపేట పక్కనే మా ఊరు. ఇంటికొచ్చినవాళ్ళు చెప్పులు విప్పేలోపే నాయనమ్మ నాలుగు ప్రశ్నలు వేసేది. కళ్లంలో మిరపకాయను విరిచి, వాసన చూసి, ఎవరి చేలోదని ఆరా తీసేది. విసుక్కుంటే, "అడిగితే నోరేమన్నా అరుగుద్దా?" అనేది.

రెండేళ్ళ క్రితం ఆవిడ గుండెజబ్బుతో గుంటూరు ఆసుపత్రిలో ఉండగా, జిన్నింగ్ మిల్లులో పనిచేసే మా బాబాయి, ఆవిడ చిన్నకొడుకు, హైవే మీద లారీ గుద్ది చనిపోయాడు. ఇప్పుడు చెబితే తట్టుకోలేదన్నాడు డాక్టరు. దాంతో బాబాయిని మిల్లు పని మీద గుజరాత్ పంపించేశాం. అక్కడ ఫోను కలవదన్నాం. మా అబద్ధాలకు నాకే నవ్వొచ్చేది, ఆ వెంటనే ఏడుపొచ్చేది.

తప్పు మా అమ్మ దగ్గర జరిగింది. నాయనమ్మ ఇంటికొచ్చేసరికి దేవుడి దగ్గర దీపం లేదు. ఎవరో దూరపు దాయాది పోయాడని చెప్పాం. నాలుగో రోజూ దీపం పెట్టలేదు.

"అంత దూరపోళ్ళకి మైల మూడ్రోజులేగా?"

"పంతులుగారు పదకొండన్నారత్తయ్యా."

నోటితో ఎన్ని అబద్ధాలైనా ఆడింది కానీ, మైలలో దీపం వెలిగించడానికి అమ్మకు చెయ్యి రాలేదు. నాయనమ్మ అమ్మను కాసేపు చూసి, గోడవైపు తిరిగి పడుకుంది. ఆ తర్వాత చిన్నోడెప్పుడొస్తాడని ఒక్కసారి కూడా అడగలేదు. అడగనిదే ఊరుకోని మనిషి! మేమేమో నమ్మేసిందని సంబరపడ్డాం.

బాబాయి భార్య, మా పిన్ని, నెలనెలా చూడటానికి వచ్చేది. సందు మొదట్లో ఆటో దిగి, బొట్టు పెట్టుకుని, గాజులు వేసుకుని లోపలికొచ్చేది. వెళ్ళేటప్పుడు అక్కడే తీసేసేది. కొన్నాళ్ళకు తీయడం మానేసింది. ఊళ్ళో ఏవేవో అనుకున్నారు. మేము మాత్రం అడగలేకపోయాం.

నాయనమ్మ చనిపోయిన ఆదివారం కూడా పిన్ని బొట్టుతోనే వచ్చింది. అమ్మ గొంతు తగ్గించి, "ఇంకెవరి కోసమే ఇది?" అంది.

"అత్తయ్య తియ్యొద్దన్నారక్కా," అంది పిన్ని. "దీపం పెట్టని రోజే ఆవిడకి తెలిసిపోయిందంట. ఓరోజు తలుపేసి, నన్ను పట్టుకుని ఏడ్చారు. 'వాడు పోతే నువ్వేం చేశావే, బొట్టు చెరుపుకోమాక' అన్నారు. 'నాకు తెలుసని వాళ్ళకి చెప్పమాక, నా కోసం నానా తంటాలు పడుతున్నారు' అన్నారు."

కన్నకొడుకు కోసం ఆవిడ తలుపు వేసుకుని ఏడవాల్సి వచ్చింది. అది మా వల్లే. ఆ బాధ నాకు ఎప్పటికీ పోదు.

తాతయ్య పోయిన దగ్గర్నుంచీ, ముప్పై ఏళ్ళుగా, నాయనమ్మ నుదురు బోసిగానే ఉంది. పాడె లేపే ముందు పిన్ని ఆవిడ తల దగ్గర కూర్చుంది. ఎవరో పెద్దావిడ వద్దనబోయింది. మైలలో దీపం ముట్టుకోని మా అమ్మే లోపలికెళ్ళి కుంకుమ భరిణె తెచ్చి, మూత తీసి పట్టుకుంది. పిన్ని అందులో వేలు ముంచి, ఆ నుదుట రూపాయి బిళ్ళంత బొట్టు పెట్టింది.