కీసరామెకూ దూలపల్లామెకూ పడేది కాదు

కొంపల్లిలో ఇంకా మల్టీప్లెక్స్ రాని రోజుల్లో, చరిత్ర నా కోసమే కాచుకుని కూర్చుందని నాకు గట్టి నమ్మకం ఉండేది. రాజుల గురించి రాసేవాళ్ళు బోలెడుమంది ఉన్నారు, ఎవరూ పట్టించుకోని ఆడవాళ్ళను నేను ఉద్ధరిస్తాను అనుకునేదాన్ని. (ఉద్ధరించమని వాళ్ళెవరూ అడగలేదన్న సంగతి అప్పట్లో తట్టలేదు.) అప్పటికి నేనొక ప్రైవేటు బడిలో సోషల్ టీచర్ని. పానిపట్టు యుద్ధాలు చెప్పీ చెప్పీ విసుగెత్తి, ఒక సాయంత్రం ఇంట్లో "ఉద్యోగం మానేసి చారిత్రక నవల రాస్తాను" అని ప్రకటించాను. మా ఆయన టీవీ చప్పుడు తగ్గించి, నా మొహం చూసి, మళ్ళీ పెంచుకున్నాడు. మా అత్తగారు మాత్రం సూటిగా విషయానికొచ్చారు. "ఒక్క ఏడాది చూడమ్మా. పుస్తకం నిలబడితే సరే, లేదంటే మళ్ళీ బడికి వెళ్ళిపో." గుంటూరు నుంచి వచ్చి స్థిరపడ్డ ఇల్లు మాది, ఆ ఇంట్లో ఆవిడ మాటకు అప్పీలు లేదు. అలా నా సాహిత్య జీవితం గడువు తేదీతో సహా మొదలైంది.

మొదటి నెలలోనే అదృష్టం తలుపు తట్టింది. దూలపల్లిలో ఒక పెద్దాయన అరుగు మీద కూర్చోబెట్టి చెప్పాడు. "కీసరామె అని ఉండె మేడమ్. వెట్టికి పిలువనీకొచ్చిన దొర మనిషిని రోకలి వట్టుకొని పొలిమేర దాన్క ఉరికిచ్చింది." ఆమె పేరేమిటని అడిగితే "పేరేమో గని, అందరు కీసరామె అంటుండిరి" అన్నాడు. పేరు కూడా మిగలని వీరనారి! నాకు కళ్ళు చెమర్చాయి. మరుసటి వారం కీసర వెళితే అక్కడ ఇంకో పెద్దాయన ఇంకో కథ చెప్పాడు. "మా దూలపల్లామె ఉండె. కరువుల దొర గరిసె తాళం పలగ్గొట్టి జొన్నలన్ని ఊరికి పంచింది." ఈమె పేరూ ఎవరికీ తెలియదు. ఒకే కాలంలో, చుట్టుపక్కల ఊళ్ళలో, ఇద్దరు వీరనారులు! ఆ ఆనందంలో నాకు రెండు పూటలు అన్నం సయించలేదు.

పేర్లు దొరక్కపోతే ఏం, నేను లేనా? కీసరామెకు ఒక పువ్వు పేరు, దూలపల్లామెకు ఒక నది పేరు పెట్టేశాను. అయితే ఒక నవలలో రెండు సింహాలు ఊరికే ఉండవు కదా. ముందు గేదె విషయంలో తగాదా పెట్టాను. అది చాలదనిపించి ఇద్దరూ ఒకే మగవాడి మీద మనసు పడేలా చేశాను. (ఇక్కడ చరిత్ర నాకు సహకరించలేదు, నేనే చరిత్రకు సహకరించాను.) ఆఖరి అధ్యాయంలో ఇద్దరూ శామీర్‌పేట చెరువు కట్ట మీద ఎదురుపడతారు. దొర తుపాకీ పేలుతుంది. నది పేరామె అడ్డం దూకి, పువ్వు పేరామె ఒళ్ళో తల పెట్టి ప్రాణం విడుస్తుంది. అది రాస్తూ నేను వెక్కివెక్కి ఏడిస్తే మా ఆయన రెండోసారి టీవీ చప్పుడు తగ్గించాడు.

మా గుంటూరు నోటికి ఈ ఊళ్ళ మాట పట్టుబడలేదు గనక, భాష కోసం శామీర్‌పేటలో ఒక అవ్వను పట్టాను. ఎప్పుడు వెళ్ళినా చింతపండులో గింజలు తీస్తూ ఉండేది. తిరగలిని ఏమంటారంటే "ఇసుర్రాయి" అనేది, నేను రాసుకునేదాన్ని. అంతవరకూ బాగానే ఉండేది గానీ, మధ్యమధ్య "మా అమ్మమ్మ ఉండె బిడ్డా, గామె..." అని సొంత గోడు మొదలుపెట్టేది. నేను చప్పున రికార్డర్ ఆపేసేదాన్ని, బ్యాటరీ అయిపోతుందని. "అమ్మమ్మ సంగతి తర్వాత చెబుదువుగాని అవ్వా, ముందు చేటను ఏమంటారో చెప్పు" అనేదాన్ని. "సాట" అని చెప్పి ఊరుకునేది పాపం. మూణ్ణెల్లపాటు ఆ అమ్మమ్మ నా రికార్డర్ గుమ్మం దాకా వచ్చి వెనక్కి వెళ్ళిపోయింది.

ఏడాది గడువు ఇంకో వారం ఉందనగా మేడ్చల్‌లో ఒక ఫంక్షన్ హాల్లో ఆవిష్కరణ పెట్టుకున్నాం. ముఖ్య అతిథి ప్లాట్ల పటేల్. (పొలాలన్నీ ప్లాట్లు చేశాడు గనక ఊరు పెట్టిన పేరు అది.) రెండు ఊళ్ళ జనం ఆటోల్లో దిగారు. దూలపల్లివాళ్ళు "కీసరామెకు జై" అంటున్నారు, కీసరవాళ్ళు "దూలపల్లామెకు జై" అంటున్నారు. అప్పుడైనా నాకు అనుమానం రావాలి. రాలేదు. తమది కాని ఊరి వీరనారిని కూడా ఇంతలా గౌరవిస్తున్నారే, ఎంత సంస్కారం అని మురిసిపోయాను. పటేల్ మైకు పట్టుకుని "మన కొత్త వెంచరుకు రెండు గేట్లు. ఒక గేటుకు కీసరామె పేరు, ఇంకో గేటుకు దూలపల్లామె పేరు. బోర్డులు గూడ ఆర్డరిచ్చిన!" అని ప్రకటించాడు. చప్పట్లు. అదే ఊపులో నేను ఆఖరి అధ్యాయం చదివాను. ఒళ్ళో తల పెట్టే చోట కళ్ళు కూడా ఒత్తుకున్నాను. వెంటనే కీసర పెద్దాయన లేచాడు. "మా ఆమెనే ఎందుకు సంపినవ్ మేడమ్? గా దూలపల్లి కోడలు బతుకాలె, మా ఊరి ఆడిబిడ్డ సావాలెనా?" దూలపల్లి పెద్దాయన ఊరుకోలేదు. "తూటాకు ఎదురువోయే ధైర్యం మా కీసరామెకు లేకుండెనా? గామెనెందుకు సంపలే?" మా ఆమెను ఎందుకు చంపారని ఒక ఊరు, మా ఆమెను ఎందుకు చంపలేదని ఇంకో ఊరు కుర్చీలు జరుపుతుండగా, నేను పిలిస్తే వచ్చి ముందు వరసలో కూర్చున్న అవ్వ లేచింది.

"ఆగుండ్రి," అంది. "బిడ్డా, గిదేంది? కీసరల పుట్టింది, దూలపల్లిల ఇచ్చిండ్రు. అత్తగారూర్ల కీసరామె అన్నరు, తల్లిగారూర్ల దూలపల్లామె అన్నరు. గామె మా అమ్మమ్మ. నన్ను గీడ మేడ్చల్ల శామీర్‌పేటామె అంటరు, ఆడ శామీర్‌పేటల మేడ్చలామె అంటరు. గట్లని నేను ఇద్దరినా?" అవ్వ నా వైపు జాలిగా చూసింది. "మరి మా అమ్మమ్మ పొయ్యి మా అమ్మమ్మ ఒళ్ళె పడి సచ్చిందా? గా మొగోడు మా తాతనే గద. ఆయన మొఖానికి ఒక్కామె దొరుకుడే ఎక్కువ, ఇద్దరు కొట్లాడుకుంటరా?"

నవ్వు వెనక వరసలో మొదలై వేదిక దాకా వచ్చింది. మా ఆయన కూడా నవ్వాడు, అది నేనింకా మర్చిపోలేదు. పటేల్ ఒక్కడే దిగులుగా "మరి రెండో గేటుకెవరి పేరు పెట్టాలె మేడమ్?" అన్నాడు. మా అత్తగారు చీర కొంగు సర్దుకుంటూ మెల్లగా, "సోమవారం బడి ఉందనుకుంటా" అన్నారు. నాకు భూమిలోకి కూరుకుపోవాలనిపించింది. అవమానం కంటే, ఇక రాయలేనేమోనన్న భయమే ఎక్కువ.

జనం భోజనాలకు లేచాక అవ్వ నా పక్కన కూర్చుని పుస్తకం చేతిలోకి తీసుకుంది. "గిండ్ల నా పేరున్నదా?" అంది. ఉంది అవ్వా అని కృతజ్ఞతల పేజీ తీసి చదివాను. పటేల్ పేరుంది, ప్రెస్సు ఆయన పేరుంది, బండి మీద దింపినందుకు మా ఆయన పేరు ఇంటిపేరుతో సహా ఉంది. చివర్న "శామీర్‌పేట అవ్వకు" అని ఉంది. "శామీర్‌పేటల అవ్వలు తక్కువున్నరా బిడ్డా? నా పేరెన్నడన్న అడిగినవా?" పేరులేని ఆడవాళ్ళను ఉద్ధరించడానికి బయలుదేరిన నేను, మూణ్ణెల్లు ఆమె చింతపండు పక్కన కూర్చుని, ఆ ఒక్క ప్రశ్న అడగలేదు. సిగ్గుతో ఇప్పుడు చెప్పమని బతిమాలాను. "గిప్పుడా? అచ్చయినంకనా? మంచిగ మల్ల రాసుకొని రా, అప్పుడు జెప్త" అని అవ్వ పప్పన్నానికి వెళ్ళిపోయింది.

ఇంటికొస్తూ ఆటోలో ఈ మాట మా అత్తగారికి చెప్పాను. కొంపల్లి దగ్గరపడ్డాక "అయితే ఆవిడ పేరేమిటంటావ్?" అన్నారు. తెలీదన్నాను. "అది తెలియకుండా ఎలా వదిలేస్తావ్? ఇంకో ఏడాది రాయి" అన్నారు.

ఈసారి అవ్వ అమ్మమ్మ గురించి ఎంతసేపు చెబితే అంతసేపూ రికార్డర్ ఆపలేదు. గేదె పోయింది, తుపాకీ పోయింది, ఒక్క మనిషి మిగిలింది. కానీ ఆమె పేరు మాత్రం రెండు ఊళ్ళలో ఎవరూ చెప్పలేకపోయారు, పాత కాగితాల్లో "ఫలానావాని భార్య" అనే ఉంది. రాసిందంతా అవ్వకు చదివి వినిపించి, పేరు ఉండాల్సిన చోటల్లా ఖాళీ వదిలానని ఒప్పుకున్నాను. అవ్వ గింజలు తీయడం ఆపింది. "గామె పేరే నాకు పెట్టిండ్రు బిడ్డా. కన్నతల్లి పేరు వట్టి పిలువలేక మా అమ్మ నన్ను 'అవ్వా' అనేది, మా దిక్కు అవ్వంటే తల్లే గద. పుట్టినప్పటిసంది నేను అవ్వనే. నువ్వు మొదటి రోజే నా పేరడిగుంటే మా అమ్మమ్మ గూడ దొరుకుతుండె."

సాయవ్వ. ఖాళీలన్నింటిలో ఆ పేరు రాశాను. కృతజ్ఞతల పేజీలోనూ ఈసారి అదే పేరు.

ఆ పుస్తకం నిలబడింది, నేను బడికి తిరిగి వెళ్ళలేదు. ఇప్పుడు ఏ ఊరు వెళ్ళినా రికార్డర్ తీయకముందే ఎదుటి మనిషి పేరు అడుగుతాను. మొన్న శామీర్‌పేటలో బస్సు దిగితే కొట్టు దగ్గర ఒకామె ఇంకొకామెకు నన్ను చూపించి, "పేరేమో గని, కొంపల్లామె. ఆడోళ్ళ పేర్లు రాసుకుంటది" అంటోంది. పేరు చెబుదామని నోటిదాకా వచ్చింది గానీ, ఎవరూ అడగలేదని నవ్వుకుంటూ ముందుకు నడిచాను.