కనపడలేదని చెప్పిన పెద్దమ్మ

కుప్పం బస్సు పుంగనూరు దాటేసరికి అక్క ఫోన్ చేసింది. "పాపా, యాడ ఉండావు?" అంది. చెప్పాను. "సరే, నిదానంగా రా. అమ్మ పాయె" అంది. ఆమె అమ్మ నాకు పెద్దమ్మ. మా అమ్మ పోయాక నన్ను పెంచిన మనిషి. పెద్దమ్మకని మదనపల్లెలో కొన్న ద్రాక్షపళ్ళు నా ఒళ్ళో ఉన్నాయి. ఏం చేయాలో తోచక పక్క సీట్లో కూర్చున్నామెకు ఇచ్చేశాను. ఆమె యాల ఇస్తాండావని కూడా అడగలేదు. నా మొహం చూసి తీసుకుంది.

పెద్దమ్మ గురించి చెప్పాలంటే వెలుగెరుక గురించి చెప్పాలి. ఆ పేరు మీలో చాలామంది విని ఉండరు. పుంగనూరు చుట్టుపక్కల కొన్ని కుటుంబాలు తరాలుగా పట్టుకుని వచ్చిన ఆలోచన అది. గుడి లేదు, పటం లేదు, మంత్రం లేదు. తెల్లవారకముందే లేచి, తూర్పు కిటికీ ఉన్న గదిలో, సున్నం కొట్టిన ఖాళీ గోడ వైపు తిరిగి కూర్చుంటారు. మెల్లగా వెలుగు వస్తుంది, గోడ కనపడుతుంది. అంతే. "వెలుగు ఒకటే ఉంటే సాలదు, సూసేది ఒకటి ఉండాల. ఆ సూసేదీ వెలుగే. కాకపోతే దానికి నీడ లేదు" అనేది పెద్దమ్మ. ఆ నీడ లేని వెలుగునే వాళ్ళు ఎరుక అన్నారు. మనిషి పోయినా అది పోదని, కంటిచూపు అడ్డు తొలగితే తనంతట తానే కనపడుతుందని వాళ్ళ నమ్మకం. పెద్దమ్మకు అది వాళ్ళమ్మ నుంచి వచ్చింది.

అమ్మ పోయిన రోజుల్లో నేను అన్నం తినేదాన్ని కాదు. పెద్దమ్మ బలవంతపెట్టలేదు. కంచం పక్కన పెట్టి ఒక మాట చెప్పింది. "గదిలో సామాన్లన్నీ తీసేస్తే వెలుగు యాడికన్నా పోతాదా పాపా? ఆడనే ఉంటాది. మీ అమ్మా అంతే." ఆ మాట పట్టుకునే నేను పెద్దదాన్నయ్యాను.

ఆమె అంగన్‌వాడీలో పనిచేసేది. ఇంటికి వస్తే వెలుగెరుక వాళ్ళకు గురువు, కానీ గురువు వాలకం ఉండేది కాదు. ఎవరైనా కాళ్ళకు మొక్కబోతే "ఏముండాదప్పా నా కాళ్ళల్లో, పగుళ్ళు" అని వెనక్కి జరిగేది. వచ్చినవాళ్ళతో మాట్లాడుతూనే నానబెట్టిన అనపగింజలు పొట్టు ఊడేలా పితికేది. పప్పు టప్పుమని గిన్నెలో పడేది. పొద్దు పూర్తిగా వాలేదాకా బల్బు వేయనిచ్చేది కాదు. "ఇంకా ఉండాది కదా వెలుతురు, దాన్ని యాల తరిమేది" అనేది.

తర్వాత ఆమె కళ్ళు పాడయ్యాయి. కంట్లో ప్రెషర్ పెరిగి నరం ఎండిపోయిందని, ఇక చేసేది ఏమీ లేదని డాక్టరు చెప్పారు. నేను ఏడ్చాను. ఆమె దగ్గరకు వచ్చేవాళ్ళు మాత్రం ఏడవలేదు. వాళ్ళ ముఖాల్లో ఒక ఎదురుచూపు కనపడింది. అడ్డు తొలగిపోతోంది, ఇప్పుడు పెద్దమ్మ దాన్ని చూస్తుంది, చూసి తమకు చెబుతుంది. అందరికంటే ఎక్కువగా ఎదురుచూసింది మదనపల్లె టమోటా మండీలో గుమాస్తాగా ఉండే ఒకాయన. కొడుకును పోగొట్టుకుని ఆమె దగ్గరకు వచ్చిన మనిషి.

చూపు పూర్తిగా పోయాక ఒక ఉదయం ఆయనే అడిగాడు. "అమ్మా, కనపడతాండాదా?"

"లేదప్పా" అంది పెద్దమ్మ.

కొంత కాలం పడుతుందేమో అనుకున్నారు. ఆమె కూడా అలాగే అనుకుంది. రోజూ ఆ గోడ ముందు కూర్చుంది. ఏడాది తిరిగింది. మళ్ళీ అడిగారు.

"చీకటి అని కూడా అనలేను. ఏమీ లేదు."

మండీ గుమాస్తా ఆమె ముందు కూలబడ్డాడు. "కనపడిందని ఒక్క మాట సెప్పమ్మా. నిజం కాకపోయినా పర్వాలేదు. మాకు సాలు."

పెద్దమ్మ ఆయన గొంతు వైపు తిరిగింది. "నీ బిడ్డ సంగతి నాకు తెలుసప్పా. కానీ సూడనిదాన్ని సూస్తినని అనేదానికి నోరు రాలేదు" అంది.

ఆ తర్వాత ఒకరొకరే రావడం మానేశారు. ఎవరూ కోపంగా వెళ్ళలేదు. కోపం వచ్చి ఉంటే మళ్ళీ వచ్చేవాళ్ళేమో. అక్క ఆమెను కుప్పం తీసుకుపోయింది.

కుప్పంలో కూడా ఆమె వేకువనే లేచి కూర్చునేది. యాల పెద్దమ్మా ఇంకా, అని అడిగాను ఒకసారి. "మెలకువ వస్తాది పాపా. వచ్చినాక ఏం చేసేది?" అంది. అప్పుడే ఇంకొకటి అడిగాను, అడగకుండా ఉండలేక. "మరి మా అమ్మ?"

అనపగింజ పితికే చేయి ఆగింది.

"అది నేను సూసి చెప్పింది కాదు. మా అమ్మ నాకు చెప్పింది, నేను నీకు చెప్తిని. నువ్వు అన్నం తినాలని చెప్తిని."

నా చేయి తడిమి పట్టుకుంది. ఇద్దరం అలాగే కూర్చున్నాం. ఇప్పటికీ ఆమెకు కృతజ్ఞత చెప్పాలంటే నాకు ముందు గుర్తొచ్చేది, ఆ రోజు ఆమె అబద్ధం చెప్పకపోవడమే. అది నాకు ఓదార్పు కాలేదు. అప్పటినుంచి మా అమ్మ నాకు ఎక్కడా లేదు.

అంత్యక్రియలకు మండీ గుమాస్తా వచ్చాడు. అన్నీ అయ్యాక అక్కను పక్కకు పిలిచి, "ఆఖర్న ఏమన్నా సెప్పిందామ్మా?" అని అడిగాడు.

"నీళ్ళు అడిగింది" అంది అక్క.

"అంతేనా?"

"అంతేనప్పా. తాగింది కూడా లేదు."

తిరుగు ప్రయాణంలో ఆయన, నేను ఒకే బస్సు ఎక్కాం. రామకుప్పం దాటాక బస్సు కాసేపు ఆగింది. రోడ్డు పక్కన రాగి చేను, అడవిలోంచి వచ్చిన ఏనుగులు తొక్కేసి పోయిన చేను. అందులో ఒకామె వంగి, మట్టిలో కలిసిన కంకులు ఏరుతోంది. పొద్దు వాలిపోయింది. ఆ మసకలో ఆమెకు ఏమీ కనపడుతున్నట్టు లేదు, నేలను తడుముతోంది. చేతికి తగిలినదాన్ని నలిపి చూసి, కొన్ని ఒళ్ళో వేసుకుంటోంది, చాలావరకు పారేస్తోంది. బస్సు కదిలింది. ఆమె తల ఎత్తలేదు.