పల్లకీ కింద నా గొంతు

మా వంశం పరువు ఒకే ఒక్క మ్యాట్నీలో ఎలా మంటగలిసిందో చెబుతాను. నవ్వుకోండి, కానీ కాస్త మర్యాదగా. ఏనుగు చచ్చినా వెయ్యే, బతికినా వెయ్యే అంటారు. మా పాలెగాళ్ల ఇంటి ఏనుగు ఎప్పుడో పోయింది. మిగిలిన గొలుసే నేను.

జపాను బొమ్మల సినిమాలో రాజుకు తెలుగు గొంతు కావాలన్నారు. చూపు పోయిన మా అవ్వకు మళ్లీ ఒక్కసారి మా ఇంటి ఠీవి వినిపించాలని సరిహద్దు ఊరు జూజువాడి దాటి బెంగళూరు స్టూడియోకు వెళ్లాను. తెరమీద బొమ్మ నోరు ఆడినంతసేపే మనం మాట్లాడాలట. రాజు నోరు మూసి, గుర్రమెక్కి, కొండ దాటినా నా మొదటి వాక్యం ముగియలేదు.

"ఏమప్పా, రాజు నోరు మూసి శానా సేపాయె! కొంచెం బిర్నా చెప్పప్పా," అంది డబ్బింగు నడిపే రేవతమ్మ. ఆమెదీ మా హోసూరు వైపే.

"మా తాత ఎవరికోసమూ తొందరపడి మాట్లాడలేదమ్మా."

"సరే, మాటలు ఆడ పెట్టు. బరువు మోసే మాదిరి మూలుగు, చూద్దాం."

ప్రాణం పెట్టి మూలిగాను.

"సూపర్ అప్పా! ఇంక నువ్వు పోవచ్చు."

ఎవరి మూలుగని అడగడానికి అభిమానం అడ్డొచ్చింది. యుద్ధంలో రాజు మాత్రం మూలగడా అనుకుని, "రాజును నేనే" అని మా ఊరు బేరిగై అంతా చాటాను.

హోసూరు థియేటర్లో ఒక వరుసంతా మా బంధువులే. రాజు నోరు తెరిచాడు. ఎవరిదో గొంతు!

"నీ గొంతు యాడరా?" అన్నాడు వెంకటప్ప మామ.

అంతలో రాజు పల్లకీ ఎక్కాడు. దాన్ని మోసే ముసలి ఎలుగుబంటి మూలిగింది. వరుసంతా నావైపు తిరిగింది.

"పల్లకీ ఎక్కినోళ్ల బిడ్డ పల్లకీ కింద దూరినాడే!" అన్నాడు మామ. మూలిగే నక్క మీద తాటిపండు ఒక్కటే పడింది. ఈ ఎలుగుబంటి మీద మా ఏడు తరాలూ పడ్డాయి. నేను సీటు కిందికి జారిపోయాను.

అవ్వ మాత్రం నవ్వలేదు. తడుముకుని నా చెయ్యి పట్టుకుంది.

"మీ తాత గొంతురా ఇది. బాగలూరులో పూలమూటలు మోసి వచ్చి, గడప కాడ ఇట్లే మూలిగేవాడు. నీకు చెప్పొద్దన్నాడు."

మీసం మెలేసిన ఫొటోలోని తాతే నాకు తెలిసిన తాత. మెల్లగా నిటారుగా కూర్చున్నాను. ఎలుగుబంటి మళ్లీ మూలిగింది. ఈసారి నేనూ విన్నాను.

మా ఏనుగు గొలుసు మీద ఒట్టు: ఇకమీదట ఎవరి మూలుగో అడగకుండా మూలగను.