పళ్లెం మోతలో పోయిన మాట

నా చిన్నప్పుడు ఒకసారి చప్పుడు కాలం తప్పింది. ఇప్పటి పిల్లలకు చెబితే ముసలిదానికి మతి పోయిందంటారని చెప్పడం మానేశాను. రాసుకుంటే అడ్డుకునేవాళ్లు లేరు కదా! అప్పట్లో మేము ఖాజాగూడలో, గుట్టరాళ్ల పక్కన పాత ఇంట్లో ఉండేవాళ్లం. ఒక పొద్దున కుక్కర్ ఆవిరి వదిలిన చాలాసేపటికి గానీ విజిల్ వినబడలేదు. రెండు రోజుల్లో ఆ తేడా గంటకు చేరి అక్కడ ఆగింది. ఎవరు ఏ చోట ఏం మాట్లాడినా, ఆ చోటనే, సరిగ్గా గంట తర్వాత వినబడేది.

రోడ్ల మీద హారన్లు పనికిరాకుండా పోయి, బండ్లను నెమ్మదిగానే పోనిచ్చేవారు. హైటెక్ సిటీ ఆఫీసుల్లో మీటింగులన్నీ బోర్డుల మీద రాతలయ్యాయి. ఇళ్లలో మాత్రం జనం తొందరగానే ఒక పద్ధతి పట్టుకున్నారు. మా అమ్మ ఆరింటికి డ్యూటీకి పోతూ నా మంచం పక్కన నిలబడి పెదాలాడించి పోయేది. ఏడింటికి ఖాళీ గదిలో "లేవే, పాలు తాగు" అని వినబడేది. చదువు రానివాళ్లకు ఉత్తరమంటే అదే.

మా తాతయ్యకూ నాయనమ్మకూ అక్షరం ముక్క రాదు. తాతయ్య వయసులో ఆ గుట్టల మీద రాళ్లు కొట్టినవాడు. దూరం నుంచి చూస్తే సుత్తె ముందు పడుతుందని, దెబ్బ తర్వాత వినబడుతుందని ఆయనకు ఎప్పుడో తెలుసు. అందరూ బెంబేలెత్తుతుంటే ఆయన మాత్రం నాతో, "గిది గూడ గంతే బిడ్డా, ఇగ పరేషాన్ ఎందుకు?" అన్నాడు. ఆదివారం గుట్ట ఎక్కించి తన ఉలి గాట్లు చూపిస్తానని మాటిచ్చాడు.

పిల్లలమైన మాకు ఆ రోజులు పండగే. పళ్లెం ఎంత బాదినా కిక్కురుమనేది కాదు. పెద్దవాళ్ల తిట్లు కూడా గంట తర్వాతే వచ్చేవి, అప్పటికి మేము ఇంకో వీధిలో ఉండేవాళ్లం. వినబడని చప్పుడు చప్పుడే కాదని నా తెలివి.

ఆదివారం పొద్దున తాతయ్యకు గుండెలో నొప్పి వచ్చింది. అమ్మ డ్యూటీలో ఉంది, నాన్న ఊళ్లో లేడు. నాయనమ్మ తెల్లాపూర్‌లో ఒక ఇంట్లో వంట చేసి పదకొండింటికి గానీ రాదు. పక్కింటి అక్క, గోదావరి వైపు నుంచి ఉద్యోగానికి వచ్చినామె, చూసి పరుగున వచ్చింది. "తాతగారిని ఆసుపత్రికి తీసుకెళ్తాను, మామ్మగారు వచ్చేదాకా నువ్వు ఇంట్లోనే ఉండు" అని పలక మీద నాకు రాసి, కారు తీయడానికి వెళ్లింది.

తాతయ్య వాకిలి వైపు పోలేదు. తన కుర్చీలో కూర్చుని, ఎదురుగా నాయనమ్మ పీట వేశాడు. గోడ గడియారం పదిన్నర చూపిస్తోంది. దాన్ని చూపించి, నా వైపు తిరిగి పెదాల మీద వేలు పెట్టాడు. నాకు అర్థం కాలేదని అబద్ధం చెప్పను. నాయనమ్మ కోసం మాటలు వదిలిపోతున్నాడని, నన్ను సద్దు చేయొద్దంటున్నాడని బాగానే తెలిసింది. కానీ గుట్ట ఎక్కడం ఎగిరిపోయిందని నాకు ఒళ్లు మండిపోతోంది. ఆయన వెనక నిలబడి, స్టీలు పళ్లెం తీసుకుని గరిటెతో బాదాను. ఆయన మాట్లాడినంతసేపూ బాదాను. ఇల్లంతా నిశ్శబ్దం. వెళ్లేటప్పుడు, ఏమీ తెలియని ఆ మనిషి నా తల మీద చెయ్యి వేశాడు.

నాయనమ్మ రాగానే సైగలతో చెప్పాను. ఆమె బయటికి పరుగెత్తబోతే కొంగు పట్టుకుని పీట మీద కూర్చోబెట్టి, గడియారం చూపించాను. ఆ అరగంటా పళ్లేన్ని కడుపుకు హత్తుకుని నిలబడ్డాను, గట్టిగా పట్టుకుంటే మోగదేమోనని. పదకొండున్నరకు మోగింది. ఆ మోత అడుగున ఎక్కడో ఒక దగ్గు, "నువ్వు" అనే ఒక్క ముక్క, అంతే. నాయనమ్మ నా వైపు తిరగలేదు. కుర్చీ వైపే చూస్తూ తలాడించింది, ఒకసారి నవ్వింది, కళ్లు తుడుచుకుంది. మోత ఆగాక నన్ను ఒళ్లోకి లాక్కుని ఏదో అని, ఆటో పట్టుకుని వెళ్లిపోయింది.

నేను ఆ పీట మీదే గంటసేపు కూర్చున్నాను. నా జీవితంలో అంత పెద్ద గంట మళ్లీ లేదు. చివరికి వచ్చింది ఆమె గొంతు: "అంతా విన్ననే బిడ్డా. మంచిగనే చెప్పిండు. నువ్వు ఫికర్ చెయ్యకు." నమ్మేశాను. లేచి అన్నం పెట్టుకుని తిన్నాను కూడా.

తాతయ్య తిరిగి రాలేదు. మూడు వారాలకు చప్పుళ్లు దారికొచ్చాయి. పళ్లెం సంగతి నాయనమ్మ ఎవరికీ చెప్పలేదు.

నేను డిగ్రీ చదివే రోజుల్లో ఒక మధ్యాహ్నం ఆమె బియ్యం ఏరుతూ, తలెత్తకుండానే అడిగింది: "అప్పుడు తాత మాట్లాడంగ నువ్వు ఆడనే ఉంటివి గద. నవ్వుకుంట చెప్పిండా, ఏడ్సుకుంట చెప్పిండా?"

ఆ రోజు ఆమె ఏమీ వినలేదని నాకు అన్నేళ్లకు తెలిసింది. నేనేమో ఆయన వెనక ఉన్నాను. ఆయన ముఖమే చూడలేదు, చూసిందల్లా నా పళ్లెమే.

"నవ్వుకుంటనే చెప్పిండు నాయనమ్మా" అన్నాను.

"అట్లనా" అని, మళ్లీ రాళ్లు ఏరుకుంది.

ఇప్పుడు నేను అప్పటి ఆమె కన్నా పెద్దదాన్ని. ఆ కుర్చీ, ఆ పీట నా దగ్గరే ఉన్నాయి. ఆదివారం పదకొండున్నరకు పీట మీద కూర్చుంటాను. ఏమీ వినబడదని నాకూ తెలుసు. అయినా ఆ కాసేపు ఇంట్లో ఎవరినీ గరిటె ముట్టుకోనివ్వను.